పూరీ ఏల తేలినది? - ఐదవ తరగతి వాచకముపై ఒక పరిశీలన

ప్రాథమిక పాఠశాలలో విజ్ఞానశాస్త్రమును ఎట్లు బోధింపవలెనను విషయముపై మన దేశములో నివేదికలకు కొదువ లేదు. పిల్లవాడు తన కంటితో చూచి, తన చేతితో చేసి నేర్చుకొనవలెనని అన్ని నివేదికలును చెప్పినవే. ఆ మాటను నివేదికలో వ్రాయుట సులభము. దానిని పదేండ్ల పిల్లవాని చేతిలో పెట్టదగిన పుటలుగా మార్చుట మిక్కిలి కష్టము. ఆ కష్టమునకు పూనుకొన్న పుస్తకములలో జాతీయ విద్యా పరిశోధన శిక్షణ మండలి వారు, అనగా ఎన్.సి.ఇ.ఆర్.టి. వారు, 2008లో ఐదవ తరగతికి వెలువరించిన పరిసరాల విజ్ఞాన వాచకము ముఖ్యమైనది. హిందీలో దాని పేరు ‘ఆస్‌పాస్’, ఇంగ్లీషులో ‘లుకింగ్ అరౌండ్’.

దాని పుట్టుక వెనుక రెండు పత్రములు కలవు. పిల్లల వీపుపై బరువు కంటె అర్థము కాని చదువు బరువే ఎక్కువ అని 1993లో ఆచార్య యశ్‌పాల్ అధ్యక్షతన ఏర్పడిన సంఘము చెప్పినది. ఆ యశ్‌పాల్ గారే సారథ్యము వహించిన 2005 నాటి జాతీయ పాఠ్యప్రణాళికా చట్రము ఆ మాటకు ఆచరణ రూపము నిచ్చినది. ప్రాథమిక స్థాయి వాచకముల సలహా సంఘమునకు అనితా రాంపాల్ అధ్యక్షురాలు. ఇప్పుడు ఆ వాచకమునకు కాలము తీరినది. 2023 నాటి నూతన చట్రము ననుసరించి 2024లో మూడవ తరగతికి, 2025లో ఐదవ తరగతికి ‘అవర్ వండ్రస్ వరల్డ్’ అను పేరుతో కొత్త పుస్తకములు వచ్చినవి. పదిహేడేండ్లు పిల్లల సంచులలో తిరిగిన పుస్తకమునకు లెక్క చూచుటకు ఇది తగిన సమయము.

తెలుగునాట బడులలో ఎక్కువ వాటికి ఈ పుస్తకముతో నేరుగ సంబంధము లేదు. కేంద్రీయ విద్యాలయములు మొదలగు చోట్లనే దానిని చదివిరి. ఐనను ఉన్నత పాఠశాల ఉపాధ్యాయులు దీనిని పట్టించుకొనుటకు ఒక కారణము కలదు. ఆరవ తరగతిలో చేరిన పిల్లవాడు బల్లపై గాజుకుప్పె పెట్టగనే దానివైపు చూడక, కలము మూత తీసి “ఏమి వ్రాసికొనవలెనండీ?” అని అడుగును. ఈ అలవాటు ఆరవ తరగతిలో పుట్టినది కాదు. అంతకు ముందు మూడు, నాలుగు, ఐదు తరగతులలో వానికి ఏమి జరిగినదో తెలియనిచో దానిని మాన్పించుట సాధ్యము కాదు.

ఈ వాచకములో అన్నిటికంటె చక్కగ కుదిరిన పాఠము నీటితో చేయు ప్రయోగములది. అది వంటయింటిలో ఆరంభమగును. ఆయిషా అను బాలిక తల్లి పూరీలు వేయించుట చూచుచుండును. వత్తిన పూరీ కాగిన నూనెలో పడగనే అడుగునకు పోవును. పొంగగనే పైకి తేలును. పుస్తకము ఈ విచిత్రమును చూపి, ఊరకుండును. సాంద్రత అను మాట ఎత్తదు. ఈ ఊరకుండుటలోనే దాని గొప్పతనము కలదు. వత్తిన పిండి అదే పరిమాణము గల నూనె కంటె బరువైనది, కనుక మునుగును. కాగిన నూనెలో పిండియందలి నీరు ఆవిరియై పూరీని రెండు పొరలుగ ఉబ్బించును. బరువు పెరుగదు, ఆక్రమించు చోటు మాత్రము చాల పెరుగును, కనుక తేలును. ఇది పెద్దలకు చెప్పవలసిన వివరణ. పదేండ్ల పిల్లవానికి దీనిని ముందే చెప్పినచో పరీక్షలో వ్రాయును గాని, ఇంట పూరీ వేయించునప్పుడు మూకుడువైపు చూడడు.

తరువాత పుస్తకము పిల్లలను నలుగురేసి జట్లుగ కూర్చుండబెట్టి, నీటితొట్టిలో ఒక్కొక్క వస్తువును వేయించును. మూత బిగించిన ఖాళీ సీసా, నీరు నింపిన సీసా, సబ్బుబిళ్ళ, అదే సబ్బుబిళ్ళ పళ్ళెములో పెట్టినది, మందుబిళ్ళల పొట్లములోని అల్యూమినియము రేకు: అదియును మూడు విధములుగ, పరచినప్పుడు, దొన్నెవలె చేసినప్పుడు, గట్టిగ ఉండ చుట్టినప్పుడు. ఈ వరుసను కూర్చిన వారికి పిల్లల మనస్సు బాగుగ తెలియును. “బరువైనది మునుగును, తేలికైనది తేలును” అను సిద్ధాంతము ప్రతి పిల్లవానికిని ముందే కలదు. దానిని వానికెవ్వరును నేర్పలేదు, వాడే కట్టుకొన్నాడు. ఉపాధ్యాయుడు దానిని తప్పని చెప్పినంత మాత్రమున అది పోదు. మునిగిన సబ్బుబిళ్ళ, పళ్ళెము బరువు కూడ కలిసిన తరువాత తేలినప్పుడు ఆ సిద్ధాంతము మొదటి దెబ్బ తినును. రేకు వద్ద రెండవ దెబ్బ: అదే రేకు, అదే బరువు, రూపము మారినంతనే ఫలితము మారినది.

మారినదా? ఇచటనే ఈ పుస్తకము యొక్క గట్టి లోపమును చూపవలసి యున్నది. అల్యూమినియము నీటికంటె 2.7 రెట్లు సాంద్రత గలది, నిజమే. కాని చేతితో నలిపి చుట్టిన ఉండలో మడతల నడుమ గాలి చిక్కుకొని యుండును. పిల్లల వ్రేళ్ళ బలమునకు ఆ గాలి అంతయు పోదు. అందువలన ఆ ఉండ తరచు మునుగదు. రాతితో కొట్టి చదును చేసినచో మునుగును. లేదా నీటిలో ముంచియుంచి, బుడగలు వచ్చుట ఆగువరకు నలిపినచో మునుగును. ముందురోజు సాయంకాలము ఒకసారి చేసి చూచుకొన్న ఉపాధ్యాయునికి ఇది క్షణములో తెలియును. చూచుకొనని ఉపాధ్యాయునికి తరగతిలో పది జట్లుండగా కొన్ని ఉండలు తేలి, కొన్ని మునిగి, గొడవ బయలుదేరును. ఆ గొడవయే అసలు పాఠము. తేలిన ఉండను, మునిగిన ఉండను ప్రక్కప్రక్కన పెట్టి తేడా వెదకుడని పిల్లలకు చెప్పినచో, గాలియే కారణమని వారిలో ఒకరైనను పట్టుకొనవచ్చును. ఇంత విలువైన అవకాశమును పుస్తకము ఉపాధ్యాయునికి ముందుగ చెప్పి సిద్ధపరచదు. పుటల అడుగున ఉపాధ్యాయులకు రెండు మూడు పంక్తుల సూచనలు అక్కడక్కడ కలవు. వాటిలో చర్చను ప్రోత్సహింపుడనుటయే ఎక్కువ. ప్రయోగము అనుకొన్నట్లు రానప్పుడు ఏమి చేయవలెననుట తక్కువ.

ఈ ఖాళీలోనికి గైడు ప్రవేశించినది. ఈ వాచకములోని ప్రశ్నలకు జవాబులు పుస్తకములో లేవు. పిల్లలు చేసి, అడిగి, చూచి వ్రాయవలెనని రచయితల ఉద్దేశము. జవాబు లేని ప్రశ్నను చూచి ఉపాధ్యాయుడు బెదరినాడు, తల్లిదండ్రులు బెదరిరి, అంగడి మాత్రము సంతోషించినది. ప్రతి ప్రశ్నకును అచ్చువేసిన జవాబులు వచ్చినవి. మీ అమ్మమ్మను అడిగి తెలిసికొనుడన్న ప్రశ్నకు సైతము అమ్మమ్మ ఏమి చెప్పినదో గైడులో సిద్ధముగ ఉండును! దేశమందలి అమ్మమ్మలందరును ఒకే మాట చెప్పుదురని దాని విశ్వాసము కాబోలు. ఇది నవ్వుకొని విడువదగినది కాదు. అల్యూమినియపు ఉండకు గైడులోని జవాబు ‘మునుగును’ అనియే. తన ఉండ తేలుట కన్నులార చూచిన పిల్లవాడు ‘తేలినది’ అని వ్రాసినచో మార్కు పోవును. ‘మునిగినది’ అని వ్రాసినచో మార్కు వచ్చును. వాడు తెలివిగలవాడైనచో రెండవసారి నీటితొట్టి వైపు చూచుటయే మానును. ఆరవ తరగతిలో “ఏమి వ్రాసికొనవలెనండీ?” అని అడుగు పిల్లవాడు ఇట్లు తయారగుచున్నాడు.

ఇట్టి చిక్కును ముందే ఎదుర్కొన్న ప్రయత్నమొకటి మన దేశములోనే కలదు. మధ్యప్రదేశములోని హోషంగాబాదు జిల్లాలో 1972లో 16 మాధ్యమిక పాఠశాలలలో ప్రారంభమైన విజ్ఞానబోధనా కార్యక్రమమది. కిశోర్ భారతి, రసూలియాలోని ఫ్రెండ్స్ రూరల్ సెంటర్ అను రెండు సంస్థలు దానిని ఆరంభింపగా, 1982లో ఏర్పడిన ఏకలవ్య సంస్థ తరువాత కొనసాగించినది. అక్కడ పుస్తకము ఒంటరిగ బడికి పోలేదు. దానితో ప్రయోగ సామగ్రి పెట్టె పోయినది. ఉపాధ్యాయులకు శిక్షణ జరిగినది. తరగతిలో ఏది కుదిరినదో ఏది కుదరలేదో చెప్పుకొనుటకు వారు నెలనెలా కలిసికొనిరి. పరీక్షకు పిల్లలు పుస్తకము తెచ్చుకొనవచ్చును; జవాబు అందులో దొరకదు గనుక తెచ్చుకొన్నను భయము లేదు. సవాలీరాం అను కల్పిత వ్యక్తికి పిల్లలు తమ సందేహములను ఉత్తరములుగ వ్రాయుచుండిరి. 2002లో ఆ రాష్ట్ర ప్రభుత్వము దానిని నిలిపివేసినది. అనితా రాంపాల్ ఆ కార్యక్రమముతో సంబంధము గలవారే. అందుచేత ఐదవ తరగతి వాచకములో హోషంగాబాదు ప్రశ్నలు అడుగు తీరు వచ్చినది. పెట్టె, నెలసరి సమావేశము, తెరచిన పుస్తకముతో పరీక్ష మాత్రము రాలేదు. పుస్తకము దేశమంతటికి పోవునది, అవి పోజాలవు అని సమాధానము చెప్పవచ్చును. ఐనచో దేశమంతటికి పోవు పుస్తకము తన ఉపాధ్యాయునికి మరి నాలుగు పుటలు ఎక్కువ కేటాయింపవలసినది.

తెలుగు పాఠకుడు ఆసక్తితో తెరచు పాఠము మామిడిపండ్లది. ఇది గోదావరి డెల్టాలోని ఆత్రేయపురములో జరుగును. (ఆత్రేయపురమనగానే పూతరేకులు తలపునకు వచ్చుట సహజము, వాటికి 2023లో భౌగోళిక గుర్తింపు కూడ లభించినది. వాచకము మాత్రము తాండ్రవైపు మొగ్గినది.) ఇద్దరన్నదమ్ములు తమ తండ్రి మామిడితాండ్ర చేయుటకు సాయపడుదురు. ఎండ తగులు చోట మంచె కట్టి తాటాకుల చాప పరచుట, బాగుగ పండిన పండ్ల రసము తీసి పీచు వడగట్టుట, బెల్లము, పంచదార కలిపి పలుచగ పోయుట, ఎండిన పొరపై మరుసటి నాడు మరియొక పొర పోయుట, వారముల తరబడి ఈ పని సాగుట: అన్నియు శ్రద్ధగ వర్ణింపబడినవి. చేతిపనిలోని క్రమమును ఇంత గౌరవముతో చూపిన పాఠ్యపుస్తకములు తక్కువ.

అదే పాఠము మొదటి భాగములో ఒక ప్రయోగమున్నది. రొట్టెముక్కపై నీటిచుక్కలు చల్లి, డబ్బాలో ఉంచి, బూజు పట్టువరకు దినదినము చూచి పట్టికలో వ్రాయవలెను. పట్టికలో తాకి చూచుటకు, వాసన చూచుటకు కూడ గడులు కలవు. ఇది అంత మంచిది కాదు. బూజు పట్టినదానిని ముక్కు దగ్గర పెట్టుకొనరాదు, ఉబ్బసము గల పిల్లలైతే అసలే కూడదు. మూత తీయని గాజుసీసాలో నుండి చూచిన చాలును. ఇంతకంటె పెద్ద లోటు మరియొకటి. తడిసిన రొట్టె కొద్ది దినములలో బూజు పట్టుచున్నది. మామిడిరసమువంటి తడి పదార్థము తాండ్రయై నెలల కొలది నిలుచుచున్నది. ఏల? బెల్లము, పంచదార ఎందుకు కలిపిరి, ఎండలో ఎందుకు పెట్టిరి అని పుస్తకము అడిగినది. కాని ఆ ప్రశ్నను ప్రయోగముతో తేల్చుకొను దారి చూపలేదు. దారి ఎంతో దూరము లేదు. నాలుగు రొట్టెముక్కలు తీసికొని, ఒకటి తడిపి, ఒకటి ఎండలో పూర్తిగ ఎండబెట్టి, ఒకటి చిక్కని పంచదార పాకములో ముంచి, ఒకటి ఉప్పు దట్టించి నాలుగు సీసాలలో పెట్టినచో, తడిపినది ముందుగ చెడును. బూజునకు నీరు కావలెను. ఎండ ఆ నీటిని తీసివేయును, పంచదార, ఉప్పు ఆ నీటిని బూజునకు అందకుండ పట్టియుంచును. అటుపిమ్మట తాండ్ర ఆత్రేయపురపు వింతగ మిగులదు. ఆదిలాబాదు పిల్లవానికి ఇంటి మిద్దెపై వడియములు, అటకపై ఆవకాయ జాడీ అదే పాఠమును చెప్పును. కథను, ప్రయోగమును ఒకే పాఠములో పెట్టి, రెంటికిని ముడి వేయకుండుట ఈ వాచకములో పలుచోట్ల కనబడును.

ఊపిరిని గూర్చిన పాఠము మరియొక రకపు చిక్కును చూపును. అది డాక్టరు జాకిర్ హుసేన్ వ్రాసిన పిల్లల కథతో మొదలగును. 1967లో రాష్ట్రపతి అయిన ఈ విద్యావేత్త జన్మస్థలము హైదరాబాదు. కథలోని కట్టెలుకొట్టువాడు చలికి చేతులు వెచ్చబడుటకు ఊదుకొనును; తరువాత వేడి బంగాళాదుంపలు చల్లబడుటకును ఊదును. ఒకే నోటినుండి వేడియు చల్లదనమును వచ్చుట చూచిన చిట్టిమనిషి భయపడి పారిపోవును. కథ ముచ్చటైనది, ప్రశ్న నిజమైనది. ఊపిరి వేడి సుమారు 34, 35 డిగ్రీలు. చలికి కొంకరపోయిన చేతికంటె అది వెచ్చనిది, పొగలు గ్రక్కు దుంపకంటె చల్లనిది. వేడి, చలి అనునవి వస్తువులో దాగిన గుణములు కావు, పోల్చి చూచినప్పుడు తెలియునవి అని పిల్లలకు ఇంతకంటె తేలికగ చెప్పు ఉపాయము దొరకదు. కాని ఆ చలి ఉత్తరదేశపు అడవిలోని చలి. మే నెలలో రెంటచింతలలో గాని, రామగుండములో గాని గాలి వేడి 45 డిగ్రీలకు చేరినప్పుడు, ఊపిరి బయటి గాలికంటె చల్లనిది. అక్కడి పిల్లవాడు ఊదినచో వచ్చు జవాబు వేరు, దానిని తప్పనరాదు. ఈ పాఠమును డిసెంబరు ఉదయమున ఒకమారు, ఏప్రిల్ మధ్యాహ్నమున ఒకమారు చేయించు ఉపాధ్యాయుడు, పుస్తకము అనుకొన్నదానికంటె ఎక్కువ నేర్పగలడు.

మిగిలిన వాటిని గూర్చి హెచ్చుగ చెప్పనక్కరలేదు. జీర్ణక్రియ పాఠములో 1822లో తుపాకి గాయముతో కడుపునకు రంధ్రము పడిన సెయింట్ మార్టిన్, అతనిని పరిశీలించిన బోమాంట్ వైద్యుని కథ ఆకట్టుకొనును. కాని అన్నము మెతుకులను ముప్పదిసార్లు నమిలి తీపిని కనుగొను చిన్నపని దానికంటె విలువైనది. దోమల పాఠములో రొనాల్డ్ రాస్ ఉన్నాడు. 1897 ఆగస్టు 20న దోమ కడుపులో మలేరియా పరాన్నజీవిని ఆయన చూచినది సికింద్రాబాదులో గనుక, హైదరాబాదు బడులవారు పిల్లలను బేగంపేటలోని ఆ భవనమునకే తీసికొని పోవచ్చును. గోలకొండ పాఠము చరిత్రగ బాగున్నది.

పుస్తకములో మొత్తము 22 పాఠములు. విజ్ఞానమును, సాంఘిక జీవనమును ఒకటిగ నేర్పుట దీని సంకల్పము. పారిశుద్ధ్యపు పని చేయువారిని గూర్చి, నిర్వాసితులను గూర్చి, అడవి ఎవరిదను ప్రశ్నను గూర్చి వ్రాసిన పాఠములు ధైర్యము గలవి. వాటిని తీసివేయవలెనని ఎవరైనను అన్నచో అంగీకరింప వీలులేదు. ఐతే పిల్లవాడు గిన్నె, నీరు, గింజ పట్టుకొని కూర్చుండవలసిన పాఠములు చేతివ్రేళ్ళపై లెక్కింపదగినన్నియే. కథ వినుట సుఖము, గింజకొరకు నాలుగునాళ్ళు కాచుకొనుట కష్టము. తరగతిలో కాలము చాలనప్పుడు కాచుకొనుటయే ముందు మానివేయబడును.

ఆ కాచుకొనుట ఎట్టిదో విత్తనముల పాఠములో కనబడును. మూడు గిన్నెలలో శనగలు: మొదటిదానిలో నిండ నీరు, రెండవదానిలో తడి దూది లేక గుడ్డ, మూడవది పొడి. ఒక్కటి మాత్రము మార్చి తక్కినవి మార్చకుండుట అను ప్రయోగశాస్త్రపు మూలసూత్రము ఇందులో పేరు లేకుండ ఉన్నది. మూడవ గిన్నెలో మొలకలు రాకుండుట ఎవరికిని ఆశ్చర్యము కాదు. మొదటిది మాత్రము పిల్లలను తికమకపెట్టును. నీరే మొలిపించునదైనచో, నిండ నీరున్న గిన్నె అందరికంటె ముందుండవలె గదా. గింజ ఊపిరి పీల్చుకొనవలెనని, మునిగిన గింజకు గాలి చాలదని గైడు ఒక వాక్యములో చెప్పివేయును. డెల్టా పిల్లలకు ఆ వాక్యము అక్కరలేదు. నారుమడికి ముందు వరివిత్తనములను ఒకదినము నానబెట్టి, నీరు వంపి, తడి గోనెసంచిలో మండె కట్టుట వారు ఇంటిలో చూచినదే. పెద్దలు కట్టిన మండెయే పుస్తకములోని రెండవ గిన్నె. నానిన విత్తనములను నీటిలోనే ఏల ఉంచలేదని తండ్రిని గాని, తాతను గాని అడిగి రండని పిల్లలను పంపినచో, ఒక్కొక్కరు ఒక్కొక్క జవాబు తెత్తురు: కుళ్ళుననియు, వేడి పుట్టవలెననియు, గాలి తగులవలెననియు. వాటినన్నిటిని నల్లబల్లపై వరుసగ వ్రాసి, మరల కొన్ని శనగలు నానబోసి, ఈసారి మొదటి గిన్నెలోని నీటిని గంటకొకమారు వంపి మార్చుచు చూచుట తరువాతి వారపు పని.